గిరాకీ గట్టిది, రాబడి లేదు

యాసంగి వేరుశనగ యార్డులకు దిగే రోజుల్లో గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు బజార్లలో ఎవరినైనా మోసగించడం అంత తేలిక కాదు. వ్యాపారి కుప్పలో చెయ్యి పెట్టి గుప్పెడు కాయ తీస్తాడు, ఒలిచి గింజ చూస్తాడు, తాలు ఎంత ఉన్నదో లెక్కిస్తాడు, తేమ ఉన్నదంటూ ధర తగ్గిస్తాడు. రైతు మాత్రం ఊరుకుంటాడా? కాంటా పక్కనే నిలబడి కిలో తరుగుకు గంటసేపు పోట్లాడతాడు. ఇద్దరూ పైసకు పైస లెక్క తెలిసినవారే.

ఈ మూడు జిల్లాల్లోనే మరొక సరుకు ఉన్నది. దానికి ధర పలకరు, మచ్చు చూపరు, తూకం వేయరు. గిరాకీ ఏడాది పొడుగునా గట్టిగానే ఉంటుంది; రాబడి మాత్రం శూన్యం. ఆ సరుకు పేరు గుప్తనిధి. బంగారం భూమిలో ఉన్నదని దళారి చెబుతాడు, అమావాస్యకు చేతికి వస్తుందంటాడు, పూజ ఖర్చులకు బయానా అడుగుతాడు. తాలుకాయ చూసి ముఖం చిట్లించే మనిషే ఇక్కడ నోరెత్తకుండా లెక్కపెట్టి ఇస్తాడు. చాలకపోతే ప్లాటు కూడా రాసిస్తాడు. పైనున్న పొలం కంటే దాని కింద ఉన్నదనుకునే బిందె మీదనే మోజు!

అంతా సంస్థానాల నాటి సొత్తు అని వీరి నమ్మకం. ఆ ప్రభువుల సొత్తు తవ్వకుండానే కొంత కనబడుతున్నది. వనపర్తి రాజభవనంలో పాలిటెక్నిక్, గద్వాల కోటలో కళాశాల నడుస్తున్నవి. అక్కడ గడ్డపారతో పని లేదు గనుక కాబోలు, అర్ధరాత్రి ఎవరూ వెళ్లరు.

పోనీ, నిధి దొరికిందే అనుకుందాం. 1878 నాటి చట్టం ప్రకారం విలువ 10 రూపాయలు మించితే కలెక్టరుకు తెలపాలి, దాచితే జైలు. ఈ షరతు దళారి ముందుగా చెప్పడు.

ప్రాణాలు పోకుంటే ఇది నవ్వుకుని వదిలేసే బేరమే. 2020 ఆగస్టులో వనపర్తి జిల్లా నాగాపూర్‌లో ఒకే ఇంట్లో నలుగురు చనిపోయారు. 2023 డిసెంబరులో నాగర్‌కర్నూలు పోలీసులు ఒక వ్యక్తిని అరెస్టు చేసి, ఆ నలుగురితో కలిపి 11 మందిని చంపాడని వెల్లడించారు. నిధి చూపిస్తానని డబ్బు, స్థలాలు తీసుకుని, తీర్థం పేరిట విషం ఇచ్చాడన్నది అభియోగం.

ఆ తర్వాత కూడా పాత గుళ్ల వద్ద రాత్రికి రాత్రి తవ్విన గుంతల వార్తలు వస్తూనే ఉన్నవి.