కోపమునకు కట్టబెట్టిన కీర్తి

అమెరికా దేశపు జాజ్ సంగీతమును గూర్చి వ్రాయువారిలో ననేకులు చార్లెస్ మింగస్ పేరెత్తినంతనే అతని కోపమును వర్ణింప మొదలిడుదురు. డబుల్ బేస్ వాయించినవారిలో అగ్రగణ్యుడును, వాద్యబృందమునకు స్వరరచన గావించినవారిలో డ్యూక్ ఎల్లింగ్టన్ సరసన నిలువదగినవాడును ఐన ఈ మహనీయుని చరిత్రమంతయు వారి చేతిలో కలహముల పట్టికగా మాఱిపోయినది. ఒకనిని కొట్టెననియు, వేదికపైననే సహవాదకుని తొలగించెననియు, మాటలాడుచున్న శ్రోతలను గద్దించెననియు చెప్పి, అంతటితో నాగక, ఆ కోపమే అతని సంగీతమునకు మూలమనియు, అది లేకున్న ఆ సంగీతమే లేదనియు సిద్ధాంతము చేయుదురు. ఈ సిద్ధాంతము అసత్యము; అసత్యమగుటయే గాక, జీవితమంతయు శ్రమించిన ఒక కళాకారుని శ్రమను అతనికి దక్కకుండ చేయు అన్యాయము.

1922 ఏప్రిల్ 22న ఆరిజోనా రాష్ట్రమున నోగాలెస్‌లో సైనికోద్యోగి కుమారుడై జన్మించి, లాస్ ఏంజలీస్ నగరపు వాట్స్ పేటలో పెరిగిన మింగస్ మొదట ట్రాంబోన్ పట్టెను, పిదప చెల్లో నేర్చెను. కాని ఆనాటి పాశ్చాత్య శాస్త్రీయ వాద్యబృందములలో నల్లజాతి వాదకునకు స్థానము లేదు. మిత్రుడు బడ్డీ కాలెట్ ప్రోత్సాహమున డబుల్ బేస్‌ను చేపట్టి, రెడ్ కాలెండర్ వద్దను, న్యూయార్క్ ఫిల్హార్మోనిక్‌లో పనిచేసి వచ్చిన హెర్మన్ రైన్‌షాగెన్ వద్ద ఏండ్ల తరబడియు సాధన చేసెను. స్వరరచనను లాయిడ్ రీస్ వద్ద నేర్చెను. మనిషికన్న ఎత్తైన ఆ వాద్యమునకు నాలుగు దళసరి తంతులు గలవు, మెట్లు లేవు. వీణపై వ్రేలు ఒకింత తొలగినను మెట్టు స్వరమును కాపాడును. ఇచట కాపాడునది ఏదియు లేదు. స్వరస్థానమును వ్రేలే ఎఱుగవలెను, వ్రేలికి చెవియే చెప్పవలెను. అట్టి వాద్యముపై వయొలిన్‌కు దీటైన వేగముతో, ఒక్క స్వరమైనను మసకబాఱకుండ వాయించు నేర్పు ఆవేశమున పుట్టునది కాదని ఆ తంతిని ఒక్కనాడైనను నొక్కి చూచినవానికి వేఱుగ చెప్పనక్కఱలేదు. 1947లో లయొనెల్ హాంప్టన్ బృందము మింగస్ వ్రేళ్ల పేరనే ఒక రచనను ధ్వనిముద్రించినది. అప్పటికి అతనికి ఇరువదియైదేండ్లు.

జాజ్ బృందమున డబుల్ బేస్ వాదకుని స్థానమెట్టిదో కూడ తెలిసికొనవలెను. లయను నిలుపువాడతడే, స్వరసంచయములకు పునాది వేయువాడును అతడే. ఐనను శ్రోత చెవికి చిట్టచివర చేరునది అతని నాదమే. 1953 మే 15న టొరాంటో నగరమున మాసీ హాలులో చార్లీ పార్కర్, డిజీ గిలెస్పీ, బడ్ పవెల్, మాక్స్ రోచ్‌లతో గూడి మింగస్ వాయించిన సభ చరిత్ర ప్రసిద్ధము. కాని ఆ ధ్వనిముద్రణలో అతని వాద్యము సరిగా వినరాకపోవుటచే, తన భాగమును తానే తిరిగి వాయించి దానిపై చేర్చవలసి వచ్చెను. ఆ ముద్రణను వెలువరించిన డెబ్యూ సంస్థ కూడ, వాదకుల శ్రమకు వాదకులే యజమానులు కావలెనని అతడును మాక్స్ రోచ్‌యును కలిసి 1952లో స్థాపించినదే. సంగీతముతో బ్రతుకు గడవక కొంతకాలము తపాలా శాఖలో పనిచేసిన మనుష్యుడు అన్యాయమునకు కేకలు వేయుటతో తృప్తిపడక ఒక సంస్థను నిర్మించినాడు. కోపకథలు చెప్పువారికి ఈ నిర్మాణము కంటబడదు.

అతడు నడిపిన జాజ్ వర్క్‌షాప్ అను వాద్యబృందమును గూర్చియు చెప్పవలెను. 1956లో 'పితెకాంత్రోపస్ ఎరెక్టస్' ముద్రించునాటికి అతడు తన రచనలను కాగితముపై వ్రాసి యిచ్చుట చాలవఱకు మానెను. ఒక్కొక్క వాదకునకు వాని భాగమును పియానోపై వాయించియో, పాడియో వినిపించి, వాని స్వభావమునకు తగినట్లు దానిని పలుకు స్వేచ్ఛను వానికే విడిచెను. గురుముఖమున నేర్చు సంప్రదాయమెఱిగిన మనకు ఈ పద్ధతి ఎంతటి ఓర్పును కోరునో తెలియనిది కాదు. లయను గూర్చి అతని భావన కూడ ఇట్టి ఓర్పునుండియే పుట్టినది. తాళపు దెబ్బ ఒక బిందువు కాదనియు, అది ఒక వృత్తమనియు, ఆ వృత్తములో ఎచటనైనను స్వరమును నిలుపవచ్చుననియు అతడు భావించెను. డ్రమ్ములపై డానీ రిచ్మండ్ ఇరువది యేండ్లకు పైబడిన సాహచర్యమున ఆ భావమును తన చేతులలోనికి తెచ్చుకొనెను. ఆ జంట లయను వేగిరించుటయు, నెమ్మది చేయుటయు, అకస్మాత్తుగా రెట్టించుటయు విన్నవారికి అది ముందు పదునుపెట్టిన ఆలోచనయే యని స్పష్టమగును.

ఇక రసవిషయము. క్రోధము స్థాయిభావమే గాని రసము కాదని మన అలంకారికులు ఏనాడో నిర్ణయించిరి. లోకమున కోపించినవాడెల్ల రౌద్రరసమును సృజింపజాలడు. పైగా మింగస్ సంగీతమున రౌద్రమొక్కటియే కలదనుట చెవులు మూసికొనుటయే. 1957 నాటి 'హైటియన్ ఫైట్ సాంగ్' అతని క్రోధమునకు సాక్ష్యముగా పలువురు చూపుదురు. కాని అది తోడు లేని డబుల్ బేస్ ఏకాంతాలాపముతో మొదలై, ఒక్కొక్క వాద్యమును చేర్చుకొనుచు మెట్టుమెట్టుగా ఎత్తునకు పోవు రచన. ఆర్కాన్సా రాష్ట్రపు లిటిల్ రాక్ పాఠశాలలో తొమ్మండుగురు నల్లజాతి విద్యార్థులను చేరనీయక 1957లో సైనికులను నిలిపిన గవర్నరు ఫాబస్‌పై కూర్చిన రచనలో అతడు ఎన్నుకొన్నది గర్జన కాదు, పరిహాసము. నక్కినక్కి నడచునట్టి ఆ బాణీలోనే ఆ గవర్నరు చిన్నవాడైపోవును. పలుకులు లేకయే 1959లో వెలువడిన ఆ రచన మఱుసటి యేట క్యాండిడ్ సంస్థ ముద్రణలో పలుకులతో వినవచ్చినది. అదే 1959లో, శాక్సొఫోన్ వాదకుడు లెస్టర్ యంగ్ మరణించిన కొలది వారములకే, అతనికి నివాళిగా ముద్రించిన 'గుడ్‌బై పోర్క్‌పై హాట్' ఆద్యంతము కరుణమే. ఇక బాల్యమున చర్చిలో విన్న భక్తిగానపు కేకలును చప్పట్లును నిండిన రచనలున్నవి. వీనిలో ఏది కోపఫలము?

అతనికి కోపము లేదని నేననను. 1951 ప్రాంతమున రెడ్ నోర్వో త్రయములో వాయించుచుండగా, టెలివిజన్ ప్రదర్శనకు అతని స్థానమున తెల్లజాతి వాదకుని నిలిపిరి. మింగస్ ఆ బృందమును విడిచెను. ఇది కోపమైనచో, ఆత్మగౌరవము గల ప్రతివానికి ఉండదగిన కోపము. 1962లో ట్రాంబోన్ వాదకుడు జిమ్మీ నెప్పర్‌ను ముఖముపై కొట్టి పన్ను విఱుగగొట్టిన చర్య అట్టిది కాదు. అది నేరము, న్యాయస్థానమునకు ఎక్కిన నేరము. ఆ దెబ్బచే నెప్పర్ తన వాద్యముపై తారస్థాయి స్వరములను కోల్పోయెను. ప్రతిభకు కోపమే తల్లి యనువారు ఈ దెబ్బను సైతము ప్రతిభకు చెల్లించిన వెలగా లెక్కించుచున్నారు. నాకు వారిపై గల ప్రధానాభియోగమిదియే. నెప్పర్ నోటికి కలిగిన నష్టమువలన ఏ సంగీతమును పుట్టలేదు. పైగా మింగస్ రచనలను అంత చక్కగా పలికించిన ట్రాంబోన్ చాలకాలము అతనికి దూరమైనది. 1970 దశకమున నెప్పర్ మరల అతనితో వాయించుట నెప్పర్ ఔదార్యము.

నల్లజాతి కళాకారుడు ఆలోచనచే గాక స్వభావోద్రేకముచే సృజించునను పాత దురభిప్రాయమునకు ఈ కోపకథ నూత్నవస్త్రము కట్టినది. కోపమని పేరు పెట్టినచో అతడు చదివిన చదువును, దిద్దిన స్వరపత్రమును పరిశీలింపవలసిన పని విమర్శకునకు తప్పును. 1977లో నాడీవ్యాధి సోకి, కాలుసేతులు స్వాధీనము తప్పి, డబుల్ బేస్‌ను తాకజాలని దశలో సైతము మింగస్ టేపు రికార్డరులోనికి పాడుచు స్వరరచన సాగించెను. 1979 జనవరి 5న మెక్సికోలోని క్వెర్నవాకాలో ఏబదియాఱేండ్ల వయసున మరణించెను; అతని భార్య స్యూ అస్థికలను మన గంగానదిలో కలిపినది. అతని అనంతరము అతని కాగితములను వరుసపెట్టుచుండగా 'ఎపిటాఫ్' అను బృహద్రచన స్వరపత్రము బయల్పడినది: 4 వేలకు పైబడిన తాళఖండములు, రెండు గంటలకు మించిన సంగీతము. 1989లో న్యూయార్క్‌లో గుంథర్ షుల్లర్ నిర్వహణమున ముప్పదిమంది వాదకులు దానిని వాయించిరి.

1962 అక్టోబరులో న్యూయార్క్‌లోని టౌన్ హాల్ సభలో మింగస్ వినిపింప యత్నించినది ఈ రచనలోని భాగములనే. సన్నాహమునకు గడువు చాలక, ప్రతిలేఖకులు వేదికపైననే కూర్చుండి వాదకుల పత్రములను వ్రాయుచుండిరి. నెప్పర్‌ను కొట్టినది ఆ సన్నాహముల నడుమనే. ఆ సభను గూర్చి వ్రాసినవారు ముష్టిఘాతమును వ్రాసిరి, గందరగోళమును వ్రాసిరి. సిరా ఆఱని ఆ పత్రములలో ఏమున్నదో సమగ్రముగా విన్నవారు ఆపై ఇరువదియేడేండ్లవఱకు లేరు.