పట్టాభి ఎవరి మనిషి?

ఉగాది సభలయినా, ఇంటి కలయికలయినా "సినిమాల్లో మనవాళ్ళు" అని ఒక లిస్టు చదవడం మనకి అలవాటు. అందులో తెలుగు సినిమా తీసినవాళ్ళే ఉంటారు. బెంగళూరులో ఉండి కన్నడ సినిమా తీసిన తెలుగువాడి పేరు రాదు. అడిగితే, "ఆయన అటు కలిసిపోయాడు లేండి" అంటారు పెద్దలు. ఈ మాటతోనే నాకు తగాదా.

తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి 1919లో నెల్లూరులో పుట్టారు. 1939లో 'ఫిడేలు రాగాల డజన్' అచ్చేసి ఛందస్సుని ఎగతాళి చేశారు. 1958లో కె.వి. రెడ్డి తీసిన 'పెళ్ళినాటి ప్రమాణాలు' నిర్మాణంలో భాగస్వామి. మన లిస్టు ఇక్కడితో ఆగిపోతుంది.

అసలు పని ఆ తరవాతది. 1970లో అనంతమూర్తి నవల 'సంస్కార'ని ఆయనే నిర్మించి, డైరెక్ట్ చేశారు. స్టార్లు లేరు, పాటలు లేవు. స్క్రీన్‌ప్లే, ముఖ్య పాత్ర గిరీశ్ కార్నాడ్‌వి. లంకేశ్ నటించారు. చంద్రి వేషం పట్టాభి భార్య స్నేహలతది. కెమెరా ఆస్ట్రేలియా నుంచి వచ్చిన టామ్ కోవన్‌ది. ఇంతమందిని ఒకచోట చేర్చింది నిర్మాతే కదా! మద్రాసు సెన్సారు వాళ్ళు సినిమాని ఆపేశారు. డబ్బాలో ఉన్న సినిమా అంటే ఇరుక్కుపోయిన డబ్బు. అయినా ఆయన వెనక్కి తగ్గలేదు. చివరికి అది విడుదలయింది, కన్నడానికి మొదటి స్వర్ణకమలం తెచ్చింది.

ఎమర్జెన్సీలో స్నేహలతని జైల్లో పెట్టారు. పెరోల్ మీద బయటికొచ్చిన కొద్ది రోజులకే, 1977 జనవరిలో ఆమె పోయారు. ఆ ఏడాదిదే పట్టాభి 'చండమారుత'. ఆ తరవాత 1984లో 'శృంగార మాస', 1993లో 'దేవర కాడు'. ఇరవైమూడేళ్ళలో నాలుగు కన్నడ సినిమాలు. లాభం లెక్కేసుకునే నిర్మాత ఇలా చెయ్యడు.

"అయితే తెలుగుకి ఏం ఒరిగింది?" అంటారు. పద్యం కట్టుబాట్లని ఎదిరించిన మనిషే అగ్రహారం కట్టుబాట్లని ప్రశ్నించే కథ ఎంచుకున్నాడు. భాష మారింది, మనిషి మారలేదు. మనం ఆయన్ని రెండు ముక్కలు చేసి, కవిని ఉంచుకుని నిర్మాతని వదిలేశాం. కన్నడవాళ్ళు కూడా 'సంస్కార' అంటే ముందు అనంతమూర్తి, కార్నాడ్ పేర్లే చెప్తారు. డబ్బూ, పేరూ పణంగా పెట్టినాయన రెండు వైపులా వెనకబడ్డాడు.

ఇది ఒక్క ఆయన సంగతి కాదు. ఇంట్లో తెలుగు, బళ్ళో కన్నడ చదివిన మాలాంటి వాళ్ళని కూడా "వీళ్ళకి తెలుగు పోయింది" అంటారు. ఇంకో భాషలో పనిచేస్తే మనవాడు కాకుండా పోతాడంటే, ఇక్కడ పుట్టిన మన పిల్లల్లో సగంమంది లిస్టు బయటే.

ఈసారి కలిసినప్పుడు 'సంస్కార' వేద్దాం. పెద్దలకి కన్నడ మాటలు మేము చెప్తాం. 'ఫిడేలు రాగాల డజన్' మాకు మీరు చదివి వినిపించండి. లిస్టులో మాత్రం పట్టాభి పేరు కింద అయిదు సినిమాలూ రాయాలి.