మంత్రాలకు చింతకాయలు రాల్చే యంత్రం

శబ్దంతో నడిచే యంత్రం వొకటి కథల్లో తరచు ప్రత్యక్షమవుతూ వుంటుంది. వొక స్వరం పలికితే కాలం వెనక్కు తిరుగుతుంది. ఇంకో స్వరం పలికితే కళ్లముందున్న వాస్తవం కరిగిపోయి, దాని స్థానంలో మరొకటి నిలుస్తుంది. బొగ్గు అక్కర్లేదు, నూనె అక్కర్లేదు, మనిషి చాకిరీ అంతకన్నా అక్కర్లేదు. నాదం చాలు. ఇది సరదాకు చదివి పక్కన పెట్టే కల్పన, దీనిమీద విమర్శ యెందుకని కొందరు మిత్రులు అంటారు. నేను ఆ మాట వొప్పుకోను. కల్పన మీద నాకు కోపం లేదు. తాను కల్పననని చెప్పుకున్నంతకాలం దానికి నా నమస్కారం. విజ్ఞానం వేషం కట్టి చందాలు వసూలు చేయడం మొదలుపెట్టినప్పుడే దానితో నాకు పేచీ.

అట్లా వేషం కట్టించినవాడు చరిత్రలో వున్నాడు. అమెరికాలోని ఫిలడెల్ఫియా నగరవాసి జాన్ వోరెల్ కీలీ. కొత్త శక్తిని కనిపెట్టానని 1872 నాటికే అతడు చాటుకున్నాడు. నీటిని, గాలిని శబ్దకంపనాలతో విడగొడితే వాటిలోంచి ఈథర్ శక్తి బయటపడుతుందట. లీటరు కూడా లేని నీళ్లతో రైలుబండి ఫిలడెల్ఫియా నుంచి శాన్‌ఫ్రాన్సిస్కో చేరుతుందట! ఫిడేలు మీద కమాను లాగేవాడు, శ్రుతిదండం మోగించేవాడు, యంత్రం కదిలేది. చూసిన షావుకార్లు కీలీ మోటారు కంపెనీ పెట్టి వాటాలు కొన్నారు. అమ్మకానికి యంత్రం మాత్రం రాలేదు. అది యెప్పుడూ రేపే వస్తుంది. రేపు వచ్చేసరికి పాత యంత్రం పోయి, నోరు తిరగని పేరుతో కొత్త యంత్రం తయారయ్యేది. 1888లో కోర్టు ఆజ్ఞను కూడా లెక్కచేయక, ధిక్కార నేరం కింద కొద్దిరోజులు జైలుకు పోయాడు గాని రహస్యం చెప్పలేదు. వాటాదారులు విసిగిపోతే బ్లూమ్‌ఫీల్డ్ మూర్ అనే సంపన్న వితంతువు పోషించింది. 1898 నవంబరులో అతడు చనిపోయాడు. ఆ 26 యేళ్లలో కీలీ యంత్రం వొక్క బండినీ లాగలేదు, వొక్క మగ్గాన్నీ తిప్పలేదు.

ఆ తరువాత, 1899 జనవరిలో, ఆ పోషకురాలి కొడుకే ఇంజనీర్లను వెంటబెట్టుకొని ఆ కార్ఖానా నేల తవ్వించాడు. నేలమాళిగలో మూడు టన్నుల బరువున్న వుక్కు గోళం బయటపడింది. గచ్చుకింద, గోడల్లో సన్నని గొట్టాలు కనిపించాయి. గోళంలో బిగించిన గాలే యంత్రాన్ని నడిపిందని చూసినవాళ్లు తేల్చారు. ఫిడేలు పాట జనం చెవులకోసం.

కీలీ యంత్రం అబద్ధమని తేలిగ్గా తోసిపారేస్తే అసలు సంగతి మనకు అందదు. ఆ యంత్రం కాలాన్నీ వాస్తవాన్నీ నిజంగానే తారుమారు చేసింది. యెట్లాగంటే, రాని రేపును 26 యేళ్లపాటు ఇవాళ్టి ధరకు అమ్మింది. గాలిని గోళంలోకి నెట్టడానికి కావలసిన పనిని నేలకింద దాచి, నేలపైన సంగీతం వినిపించింది. పనిని దాచి ఫలితాన్ని మహిమగా చూపడమే ఈ విద్యలోని కిటుకంతా. వొక చుక్క నెత్తురుతో వందల పరీక్షలు చేస్తామని 2003లో అమెరికాలోనే పుట్టిన థెరనోస్ కంపెనీ అమ్మిందీ ఇటువంటి రేపే. దాని స్థాపకురాలు మదుపరులను మోసం చేసిందని 2022లో న్యాయస్థానం తేల్చింది. ఫిడేలు మారింది, నేలమాళిగ మారలేదు.

ఇదంతా యెక్కడో అమెరికా గొడవ, మనకెందుకనవచ్చు. మనకూ సంబంధం వున్నది. మదరాసు అడయారులో 1882 నుంచి కేంద్రం పెట్టుకున్న దివ్యజ్ఞాన సమాజం స్థాపకులలో బ్లావట్‌స్కీ వొకరు. ఆమె 1888లో అచ్చువేసిన తన పెద్ద గ్రంథంలో కీలీకి యేకంగా వొక ప్రకరణం కేటాయించింది. మన ఋషుల అస్త్రవిద్యకూ కీలీ శక్తికీ చుట్టరికం కలిపింది. మరి ఆ శక్తి లోకానికి యెందుకు అందలేదు? లోకం దానికింకా పక్వం కాలేదట! యంత్రం నడవకపోతే తప్పు యంత్రానిది కాదు, కాలానిది. యెంత చక్కని తర్కం! ఆ సమాజం మదనపల్లెదాకా వచ్చి కళాశాల పెట్టి, మన విద్యావంతుల్లో వొక తరాన్ని ఆకట్టుకున్నది. ఆ తర్కం ఇంకా చావలేదు. వైమానికశాస్త్రంలో వర్ణించిన విమానాలు యెగరలేవని బెంగుళూరు భారతీయ విజ్ఞానసంస్థ పరిశోధకులు 1974లోనే లెక్కగట్టి చెప్పారు. అయినా 2015లో ముంబయి సైన్సు కాంగ్రెసు వేదికమీద ప్రాచీన విమానాల ప్రసంగం జరిగింది.

కల్పనకు సంకెళ్లు వేస్తున్నానని యెవరైనా అంటే, వెల్స్‌ను చూడమంటాను. కీలీ బతికి వున్న రోజుల్లోనే, 1895లో, ఆయన కాలయంత్రం నవల అచ్చయింది. తన యంత్రం యెట్లా నడుస్తుందో వెల్స్ కూడా చెప్పలేదు. కాని ఆయన వాటాలు అమ్మలేదు. ఆ యంత్రమెక్కించి పాఠకుణ్ణి యెక్కడికి తీసుకుపోయాడు? నేలపైన పూలతోటల్లో ఆడుకునే సుకుమారులు, నేలకింద చీకట్లో యంత్రాలు తిప్పేవాళ్లు వుండే లోకానికి. కీలీ నేలకింద కప్పిపెట్టినదాన్ని వెల్స్ తవ్వి చూపించాడు. కల్పనల మంచిచెడ్డలకు ఇంతకన్నా మంచి గీటురాయి నాకు కనిపించదు. అది గచ్చు పగలగొడుతున్నదా, గచ్చు వేస్తున్నదా?

ఇక నాదబ్రహ్మవాదులు. శబ్దంలో మహాశక్తి వున్నదంటారు. వున్నది, కొలిచి చూద్దాం. మామూలుగా మాట్లాడే మనిషి గొంతునుంచి వెలువడే ధ్వనిశక్తి వాటులో లక్షోవంతు ప్రాంతం. పదిలక్షలమంది వొక్కసారిగా మాట్లాడినా ఇంట్లో వెలిగే వొక చిన్న దీపానికి సరిపోను వస్తుంది, అంతే. మంత్రాలకు చింతకాయలు రాలవని మన తాతలు వూరికే అనలేదు.

శబ్దంతో యేమీ చేయలేమని దీని అర్థం కాదు. ఫ్రెంచి భౌతికశాస్త్రజ్ఞుడు పాల్ లాంజెవిన్ మొదటి ప్రపంచయుద్ధ కాలంలో పలుగురాతి స్ఫటికాలతో చెవికందని ధ్వనిని పుట్టించి, నీటిలో దాగిన జలాంతర్గామి ఆచూకీ తీసే పద్ధతి సాధించాడు. ఇవాళ గర్భంలోని శిశువును చూపించే యంత్రమూ అటువంటి ధ్వనితోనే పనిచేస్తున్నది. కాలం సంగతి కూడా ఆయన చెప్పాడు. దాదాపు కాంతివేగంతో పోయి, తన లెక్కకు రెండేళ్లలో తిరిగివచ్చిన ప్రయాణికుడికి భూమిమీద రెండు వందల యేళ్లు గడిచిపోయి వుంటాయని, ఐన్‌స్టయిన్ సిద్ధాంతాన్ని అనుసరించి 1911లో వివరించాడు. శబ్దమూ కాలమూ రెండూ ఆయన చేతిలో వున్నాయి. వాటితో ఆయన గారడీ చేయలేదు, లెక్క చూపించాడు. యెవరైనా సరిచూసుకోవచ్చు. 1940లో పారిస్‌ను ఆక్రమించిన నాజీలు ఆయన్ను జైల్లో పెట్టారు. 1942లో అల్లుణ్ణి కాల్చి చంపారు. కూతుర్ని ఆష్‌విట్జ్‌కు పంపారు. 1944లో, డెబ్బై రెండేళ్ల వయసులో, ఆయన కమ్యూనిస్టు పార్టీలో చేరాడు. కీలీ రహస్యం దాచి జైలుకు పోయాడు. లాంజెవిన్ నిజం దాచనందుకు పోయాడు.

ఉపాధ్యాయులకూ విద్యార్థులకూ నేను చెప్పదలచింది ఇంతే. శాస్త్రీయదృష్టిని పెంపొందించడం పౌరుల కర్తవ్యమని 1976లో మన రాజ్యాంగంలో చేర్చుకున్నాం. ఆ కర్తవ్యం నెరవేర్చబోయిన నరేంద్ర దభోల్కర్‌ను 2013లో పూణే వీధిలో కాల్చి చంపారు. కనుక ఇది తీరికవేళ చేసే సాహిత్యచర్చ కాదు. యెవడైనా మీముందు మహిమగల యంత్రం పెట్టి ఫిడేలు వాయిస్తే, పాట బాగుంటే వినండి. చప్పట్లు కొట్టేముందు మాత్రం నేలమాళిగ తాళంచెవి అడగండి. ఇవ్వనంటే, గచ్చు తవ్వండి.