సెలవులు మనకు, ఓవర్‌టైమ్ అమ్మకు

సెమ్ ఎగ్జామ్స్ అయిపోగానే గ్రూపులో పడే మొదటి మెసేజ్ "హాలిడేస్ స్టార్ట్!" మా ఇంట్లో మాత్రం క్రిస్మస్ నుంచి సంక్రాంతి దాకా సెలవే లేని మనిషి ఒకరున్నారు. అమ్మ. సకినాలు, అరిసెలు, మురుకులు, వచ్చేపోయే చుట్టాలు. మనమేమో మంచం మీద ఫోన్ చూస్తూ "అమ్మా, ఇంకా కాలేదా?" అని అరుస్తుంటాం. ఈ వ్యాసం అల్లం బిస్కెట్ల గురించే కానీ, అసలు గొడవ ఇది.

రెండేళ్ల క్రితం సాయం చేద్దామని అరిసెల దగ్గరికి వెళ్తే, "పాకం చెడగొడతావు, జరుగు" అంది అమ్మ. నిజమే. నీళ్లలో చుక్క వేసి వేలితో నొక్కగానే ఆమెకు పాకం తెలుస్తుంది. నాకా చూపు రావడానికి ఏళ్లు పడుతుంది. బిస్కెట్ అలా కాదు. తూకం, వేడి, టైమ్, ఈ మూడూ సరిగ్గా ఉంటే చాలు. ల్యాబ్ రికార్డ్ రాయగలిగినవాడు బిస్కెట్ చేయగలడు. అందుకే అంటున్నా, వంటింటి గడప తొక్కని అబ్బాయిలకు మొదటి మెట్టు ఇదే.

"అది ఫారిన్ వంట కదరా" అంటారు కొందరు. మాది అఫ్జల్‌గంజ్. ఐదో నిజాం అఫ్జలుద్దౌలా పేరు మీద ఏర్పడిన బజారు. సెంట్రల్ లైబ్రరీలో పుస్తకం ఇచ్చేసి బేగంబజార్ వైపు నడిస్తే సొంఠి, దాల్చినచెక్క, లవంగాలు, జాజికాయ, బెల్లం, అన్నీ దొరుకుతాయి. జర్మనీలో నూరెంబర్గ్ ఊరు మసాలా బిస్కెట్లకు ఎంత పేరు తెచ్చుకున్నా, ఆ మసాలాలు అక్కడ పండవు. మన వైపు నుంచి సముద్రం దాటి వెళ్లాల్సిందే. ఇక మొహర్రానికి రోట్‌లు, చాయ్‌లోకి ఉస్మానియా బిస్కెట్లు తినే ఊరికి బిస్కెట్ పరాయిదెలా అవుతుంది?

లెక్క ఇదీ. గోధుమపిండి 200 గ్రాములు, బెల్లం పొడి 100, వెన్న 100. సొంఠి పొడి రెండు టీస్పూన్లు, దాల్చినచెక్క పొడి ఒకటి, లవంగాల పొడి పావు, వంటసోడా అర, చిటికెడు ఉప్పు. ముద్ద కావడానికి రెండు మూడు చెంచాల పాలు. ఓవెన్ లేకపోతే కుక్కర్‌లో అడుగున ఉప్పు పోసి, విజిల్, గ్యాస్కెట్ తీసేసి, స్టాండ్ మీద పళ్లెం పెట్టండి. పచ్చి అల్లం కాకుండా సొంఠే ఎందుకంటే, అల్లం ఎండినప్పుడు అందులోని జింజెరాల్ కొంత షోగాల్‌గా మారుతుంది. దాని ఘాటు ఎక్కువ. బెల్లంలో ఉండే కొద్దిపాటి ఆమ్లం సోడాతో కలిసి గ్యాస్ పుట్టిస్తుంది, బిస్కెట్ గుల్లబారుతుంది. ఫస్టియర్‌లో బట్టీ పట్టిన కెమిస్ట్రీ ఇక్కడ నోటికి తగులుతుంది.

నా మొదటి వాయి మాడి బొగ్గైంది. వేడిగా ఉన్నప్పుడు బిస్కెట్ మెత్తగానే ఉంటుందనీ, చల్లారాకే గట్టిపడుతుందనీ తెలీక "ఇంకో ఐదు నిమిషాలు" అని వదిలేశా. ఆ రోజు నుంచి బట్టీ ముందు నిలబడి వందల బిస్కెట్లు ఒకే రంగులో తీసే బేకరీ పనివాళ్లంటే నాకు గౌరవం పెరిగింది.

"అంత కష్టమెందుకు, బేకరీలో కొంటే పోలా?" అనొచ్చు. కొనండి, తప్పులేదు. కానీ కొన్న డబ్బా అమ్మ పని ఒక్క గంట కూడా తగ్గించదు, మనకు పనీ నేర్పదు. ఇంకో మాట కూడా వినిపిస్తుంది: "వీడు చేస్తే అమ్మకు డబుల్ పని." ఇది న్యాయమైన ఫిర్యాదే. పిండి అంటిన గిన్నెలు సింక్‌లో పడేసి, బిస్కెట్లకు ఫొటో తీసి స్టేటస్ పెట్టుకుంటే అది సాయం కాదు, షో. గిన్నెలు తోమి, గట్టు తుడిచాకే ప్రయోగం పూర్తయినట్టు. అప్పటిదాకా రికార్డ్‌లో సంతకం పడదు.

రెండో వాయి బాగానే వచ్చింది. అమ్మ స్టూల్ మీద కూర్చుని, చాయ్‌లో ముంచుకుని తిని, "ఉప్పు కొంచెం ఎక్కువైంది" అంది. ఆ సెలవుల్లో ఆమె వంటింట్లో కూర్చోవడం నేను చూసింది అదే మొదటిసారి. సంక్రాంతికి అరిసెలు మొదలుపెడుతూ తనే పిలిచింది: "ఇటు రా, పాకం చూద్దువుగానీ."

ఈసారి సెలవుల్లో మీరూ ఒక్క వాయి చేసి చూడండి. మాడితే మాడనివ్వండి. గిన్నెలు మాత్రం మీరే తోమండి.