డాక్టర్ ప్రభాకర్ రెడ్డి గురించి ఎవరు రాస్తారు?

మొయినాబాద్ తోటల్లో షూటింగ్ అంటే ఇప్పుడు ఎవరూ ఆగి చూడరు. జంట జలాశయాలను కాపాడేందుకు 1996లో వచ్చిన 111 జీవో 84 గ్రామాల్లో కట్టడాలకు హద్దులు పెట్టింది. అపార్ట్‌మెంట్లు రాని చోట ఫాంహౌసులు వెలిశాయి, వాటి వెంట కెమెరాలూ వచ్చాయి. ఆ కెమెరాల ముందు చిన్న వేషాలు వేసేవాళ్లలో, వెనక లైట్లు మోసేవాళ్లలో కొందరి ఇల్లు మణికొండ దగ్గరి చిత్రపురి. ఆ కాలనీ పూర్తి పేరు డాక్టర్ ఎం. ప్రభాకర్ రెడ్డి చిత్రపురి కాలనీ.

ఆయనది పాత నల్లగొండ జిల్లా తుంగతుర్తి. ఉస్మానియాలో వైద్యం చదివి, 1960లో 'చివరకు మిగిలేది'తో తెర మీదికొచ్చారు. 1997లో కన్నుమూసేదాకా నాలుగు వందలకు పైగా సినిమాలు. జమీందారు, పోలీసు అధికారి, లాయరు, మోసగాడు, ఇంటిపెద్ద: కథకు ఎవరు కావాలంటే వాళ్లు. క్యారెక్టర్ నటుడికి దొరికేవి కొన్ని నిమిషాలు. ఆ కాసేపట్లోనే ఆ మనిషి ఆస్తి, అహంకారం, లోపలి భయం అన్నీ తెలిసిపోవాలి. ఆ పని ఆయన 37 ఏళ్లు చేశారు. 'యువతరం కదిలింది' (1980), 'పల్లె పిలిచింది' (1981) చిత్రాలకు వరసగా రెండుసార్లు ఉత్తమ నటుడిగా నంది అందుకున్నారు. హీరోల సొత్తనుకునే బహుమతి అది! జాతీయ ఉత్తమ తెలుగు చిత్రంగా నిలిచిన 'పండంటి కాపురం' కథ కూడా ఆయనదే.

మమ్మల్ని చాలాకాలంగా వేధిస్తున్న విషయం ఒకటుంది. ఇన్ని సినిమాల్లో ఆయన ఇంటి మాట ఎంత వినిపించింది? మద్రాసులో తయారైన తెలుగు సినిమాలో పెద్దమనుషులకు ఒక భాష, రౌడీలకు ఒక భాష. తెలంగాణ మాట ఎక్కువగా రెండో వాటాలో పడింది. 1985లో 'ప్రతిఘటన'లో మంత్రి కాశయ్యగా కోట శ్రీనివాసరావు ఈ యాసలో మాట్లాడి జనాన్ని కట్టిపడేశారు. కోట తెలంగాణవారు కాదు, కంకిపాడు మనిషి. ఆయన చెవికి, నటనకు దండం పెట్టాల్సిందే. కానీ చేవెళ్ల ప్రేక్షకుడు తన అమ్మ మాట్లాడే మాటను దుర్మార్గుడి నోట విన్నాడు. తుంగతుర్తి నుంచి వెళ్లిన నటుడి నోట ఎక్కువగా పుస్తకాల తెలుగే విన్నాడు. ఇది బాధపడాల్సిన సంగతే. తెలంగాణ మాటనే తమ మాటగా చేసుకున్న 'ఫిదా', 'బలగం' లాంటి సినిమాలు రావడానికి ఇంకా ఎన్నో ఏళ్లు పట్టింది.

యాసను పక్కన పెట్టాల్సి వచ్చినా, మనుషులను ప్రభాకర్ రెడ్డి పక్కన పెట్టలేదు. సినీ కార్మికులకు సొంత ఇళ్లుండాలని పట్టుబట్టారు. అందుకోసం తన భూమిలోంచి 10 ఎకరాలు ఇచ్చారని పరిశ్రమలో ఇప్పటికీ చెప్పుకుంటారు.

మన సినిమా చరిత్రలన్నీ హీరోల చుట్టూనే తిరుగుతున్నాయి. ప్రభాకర్ రెడ్డి మీద పరిశోధన చేసేవాళ్లు సినిమాల జాబితాతో సరిపెట్టొద్దు. ఏ పాత్రకు ఏ యాస ఉండాలో ఎవరు నిర్ణయించేవాళ్లు, ఆయన రాసిన కథల్లో తుంగతుర్తి ఎక్కడెక్కడ ఉంది, కార్మికుల తరఫున ఆయన ఎవరెవరితో తలపడ్డారు? ఇవన్నీ తెలిసినవాళ్లు అరవై, డెబ్బై దాటారు. ఆయనతో పనిచేసిన మేకప్ కళాకారులు, లైట్‌మెన్, అసిస్టెంట్ డైరెక్టర్లు మీ చుట్టుపక్కల ఉంటే వాళ్ల మాటలు వాళ్ల యాసలోనే రాసి పంపండి. రాయలేనివాళ్లు ఫోన్లో చెప్పినా చాలు, మేమే రాసుకుంటాం.