గొంతు నొప్పి: కషాయం ఎంతవరకు?

చలికాలం వచ్చిందంటే మా హిఫ్జ్ తరగతిలో పారాయణ స్వరం సన్నగిల్లుతుంది. ఫజ్ర్ అనంతరం బిగ్గరగా పఠించే పిల్లల గొంతులు బొంగురుపోతాయి. అప్పుడు మదర్సా వంటగదిలో కషాయం కాస్తాము.

రెండు గ్లాసుల నీటిలో చిటికెనవ్రేలంత అతిమధురం (ములేఠీ) ముక్కను, అంగుళం అల్లాన్ని దంచి వేసి, నీరు సగమయ్యే వరకు సన్నని సెగపై మరిగించాలి. వడగట్టి, గోరువెచ్చనయ్యాక చెంచా తేనె కలిపి కొద్దికొద్దిగా త్రాగాలి. గ్లాసు గోరువెచ్చని నీటిలో అర చెంచా ఉప్పు కరిగించి, రోజుకు మూడు నాలుగు మార్లు గొంతు వరకు పుక్కిలించి ఉమ్మివేసినా ఉపశమనం కలుగుతుంది.

అయితే జాగ్రత్తలు మరువరాదు. ఏడాది నిండని శిశువుకు తేనె నాకించరాదు. అందులోని సూక్ష్మక్రిములు పసిపేగులలో విషాన్ని పుట్టించగలవు. తహ్నీక్ కొరకైనా తేనె వద్దు, ఖర్జూరమే సున్నత్. రక్తపోటు ఉన్నవారు, గర్భిణులు అతిమధురానికి దూరంగా ఉండాలి.

అన్నిటికన్నా ముఖ్యమైనది మరొకటి. దగ్గు, జలుబు లేకుండా జ్వరం వచ్చి, మ్రింగలేనంత నొప్పితో గొంతులో తెల్లని మచ్చలు, మెడలో బిళ్ళలు కనబడితే కషాయంతో కాలయాపన చేయవద్దు. అది స్ట్రెప్టోకాకస్ క్రిమి పని కావచ్చు. చికిత్స జరగకపోతే కొందరు పిల్లలలో కీళ్ళవాత జ్వరంగా పరిణమించి గుండె కవాటాలను శాశ్వతంగా దెబ్బతీస్తుంది. డాక్టరు యాంటీబయోటిక్ వ్రాస్తే, నొప్పి తగ్గినా చెప్పినన్ని రోజులూ వాడాలి. ఊపిరాడకపోయినా, చొంగ కారుతున్నా వెంటనే ఆసుపత్రికి తీసుకువెళ్ళాలి.

ప్రతి వ్యాధికీ అల్లాహ్ నివారణ కల్పించాడని దైవప్రవక్త (స) బోధించారు. ఆ నివారణ ఒకసారి వంటింట్లో లభిస్తుంది, మరొకసారి వైద్యుని వద్ద. రెండూ ఆయన అనుగ్రహాలే.