చమురు బావి దగ్గర ముందు కాలేది ఎవరు?

చమురు బావి పేలిన ప్రతిసారీ పెద్దలు ఒకటే మాట చెబుతారు: 'అనుకోకుండా జరిగింది.' మేం అడుగుతున్నాం. నూట అరవై ఏళ్ళుగా జరుగుతున్నది అనుకోనిది ఎలా అవుతుంది?

1859 ఆగస్టులో అమెరికాలోని పెన్సిల్వేనియాలో డ్రేక్ అనే ఆయన చమురు బావి తవ్వించాడు. లోతు డెబ్బై అడుగులు కూడా లేదు. చరిత్రలో పేరు డ్రేక్‌ది. చేతులు అరగదీసుకుని తవ్వింది స్మిత్ అనే కమ్మరి. ఆ అక్టోబరులోనే స్మిత్ దీపం పట్టుకుని చమురు తొట్టి దగ్గరికి పోతే గ్యాసు అంటుకుంది. బావీ కాలింది, అతని ఇల్లూ కాలింది. బుద్ధి వచ్చిందా? రాలేదు. 1861 ఏప్రిల్ 17న అక్కడికి దగ్గర్లోనే ఇంకో బావి చిమ్మి, నిప్పంటుకుని 19 మంది చచ్చిపోయారు.

ఇందులో దేవరహస్యం ఏమీ లేదు. భూమి అడుగున గ్యాసు ఒత్తిడితో ఉంటుంది. తవ్వేటప్పుడు బావిలోకి పంపే చిక్కటి బురద బరువే దాన్ని అణిచిపెడుతుంది. ఆ బరువు చాలకపోతే గ్యాసు పైకి తన్నుకొస్తుంది. అప్పుడు బావి మూతి బిగించే పెద్ద వాల్వులు 1920లలోనే వచ్చాయి. అయినా 1995 జనవరి 8న మన కోనసీమలో పాశర్లపూడి బావి పేలింది. 65 రోజులు మండింది. ఊళ్ళు ఖాళీ చేయించారు. 2014 జూన్ 27 తెల్లవారుజామున ఆ పక్కనే నగరంలో గ్యాసు పైపు పేలి 20 మందికి పైగా పోయారు.

నష్టం లెక్క కొబ్బరిచెట్టుతో మొదలైతే చెట్టు లేనోడి గతేంటి? భూమి కాగితం ఉన్నోడికే పరిహారమైతే, ఆ భూమిలో కూలికి పోయే మన పేటలకు ఏం మిగిలింది? పొగా, పరుగూ, పస్తూనా?

చమురు వద్దని మేం అనడం లేదు. మా ప్రాణం చవక అంటేనే వద్దంటున్నాం. తవ్వే ముందు పేటపేటకీ వచ్చి తెలుగులో చెప్పాలి. గ్యాసు లీకైతే ఎటు పరుగెత్తాలో, ఎవరికి కబురు పెట్టాలో నేర్పాలి. ఊరు ఖాళీ చేయిస్తే పోయిన ప్రతి రోజు కూలీ కట్టివ్వాలి.

అన్నలారా, అక్కలారా! మీ ఊళ్ళో రిగ్గు దిగిందా? గ్రామసభలో లేచి ఈ మూడూ అడగండి. మంట లేచాక అడిగితే వినేవాడుండడు.